సాక్ష్యం కోసం విప్పిన ఆల్టర్నేటర్

అబద్ధాలకి కూడా ఒక కోటా ఉంటుందని నాకు పెళ్ళయిన పదకొండేళ్ళకి గాని తెలియలేదు. మా ఇంట్లో ఆ కోటా మూడు.

మా వదిన, అంటే మా ఆవిడ అక్క, మాకు నలభై నిమిషాల దూరంలో ఉంటుంది. వదినతో నాకే పేచీ లేదు. పేచీ అంతా ఆవిడగారి భర్తతోనే. ఆయన మేస్త్రీని పెట్టకుండా, స్వహస్తాలతో మేడమీదికి మెట్లు కట్టుకున్నాడు. కట్టుకుంటే కట్టుకున్నాడు, ఎక్కి ఊరుకోవచ్చుగా! ఇంటికొచ్చిన ప్రతివాణ్ణీ ఒక్కో మెట్టు మీదా నిలబెట్టి, ఆ మెట్టుకి సిమెంటు ఎంత పట్టిందో, అది ఆరుతున్నప్పుడు తన మనసులో ఏమేం మెదిలాయో చెప్తాడు. మొత్తం పందొమ్మిది మెట్లు. నాలో నేను ఆయనకి మెట్లావధాని అని పేరు పెట్టుకున్నాను. పైకి మాత్రం అన్నయ్యగారూ అనే పిలుస్తాను.

ఆ మెట్లు తప్పించుకోవడానికి మొదటి ఆదివారం జ్వరం తెచ్చుకున్నాను. రెండో ఆదివారం ఆఫీసులో తనిఖీ అన్నాను. మూడో ఆదివారం మళ్ళీ జ్వరమే, కాకపోతే ఈసారి మా ఆవిడ థర్మామీటర్ తెచ్చింది. ఆవిడ అటు తిరగ్గానే దాన్ని వేడి కాఫీలో ముంచాను. అది కప్పులోనే పగిలింది.

"చూడండి," అంది మా ఆవిడ, కాఫీ కప్పు బయట పారబోసి వచ్చి. "వచ్చే ఆదివారం మనం అక్కావాళ్ళింటికి వెళ్తున్నాం. వెళ్ళలేకపోతే ఆ కారణం నా కంటికి కనపడాలి. చేత్తో పట్టుకుని చూసేలా ఉండాలి."

నా ఖర్మ కొద్దీ సరిగ్గా ఆ ఆదివారమే, మధ్యాహ్నం మూడింటికి, మా ఆఫీసు టేబుల్ టెన్నిస్ డబుల్స్ ఫైనల్. అందులో నేనున్నాను. నవ్వకండి. మొదటి రౌండులో ఎదుటాయనకి నడుం పట్టేసింది. రెండో రౌండులో ఇంకొకాయనకి బదిలీ అయింది. సెమీఫైనల్ నాడు ఎదుటి జంట ఇద్దరూ లిఫ్టులో ఇరుక్కుపోయారు. అలా ఒక్క బంతి కూడా కొట్టకుండా నేనూ, మా క్యాషియరూ ఫైనల్‌కి చేరుకున్నాం. నా జన్మలో నా పేరు రాసి ఎవరైనా నాకిచ్చిన కాగితం ఉందంటే అది టీకాల కార్డు. ఒక్కసారి కప్పు ఇంటికి పట్టుకెళ్ళాలని, దాన్ని చూసి మా ఆవిడ మొహం ఎలా మారుతుందో చూడాలని నాకు నిజంగానే ఆశ పుట్టింది.

మరి ఆ ముక్కే ఆవిడతో చెప్పొచ్చుగా అంటారు. మూడు అబద్ధాల తర్వాత చెప్పే నిజం అచ్చం నాలుగో అబద్ధంలాగే వినపడుతుందండీ.

శనివారం పొద్దున ఫోన్లో వీడియోలు తిరగేస్తుంటే దారి దొరికింది. కారింజను పక్కన ఆల్టర్నేటర్ అని కొబ్బరికాయంత వస్తువొకటుంటుంది. ఇంజను తిరుగుతున్నంతసేపూ కరెంటు పుట్టించి బ్యాటరీని నింపడం దాని పని. వీడియోలో ఒకాయన దాన్ని ఇరవై నిమిషాల్లో విప్పేశాడు, చొక్కాకి మరకైనా అంటలేదు. అది పాడైపోయిందని విప్పి మా ఆవిడ చేతిలో పెడితే ప్రయాణం ఆగుతుంది. ఆదివారం మధ్యాహ్నం అదే చంకలో పెట్టుకుని మెకానిక్ దగ్గరికని చెప్పి ఫైనల్‌కి జారుకోవచ్చు. సోమవారం మళ్ళీ బిగించెయ్యొచ్చు. ఇంత మంచి ఆలోచన నాకెలా వచ్చిందా అని నాకే ఆశ్చర్యమేసింది.

"రేపు మీకేమైనా పనుందా?" అనడిగింది మా ఆవిడ, నేను స్పానర్ల పెట్టె తీస్తుంటే.

"నాకేం పనుంటుంది?" అన్నాను.

బానెట్ ఎత్తాను. వీడియో మొదట్లో ఆయన కుశలప్రశ్నలు వేస్తాడు కదా అని ఆ ముక్క దాటేశాను. అన్నిటికన్నా ముందు బ్యాటరీ వైరు ఊడదియ్యాలన్నది ఆ ముక్కలోనే ఉందట. ఆల్టర్నేటర్ వెనకున్న లావు వైరుకి స్పానర్ తగిలించానో లేదో, ఠప్పుమని నిప్పురవ్వలు లేచాయి. నేను రెండడుగులు వెనక్కి ఎగిరి పూలకుండీలో కూర్చున్నాను.

మా ఆవిడ వంటింటి కిటికీలోంచి తొంగిచూసింది. "ఏమైందండీ?"

"ఏం లేదు. పని మొదలైంది."

"దేనికి విప్పుతున్నారు?"

"ఆల్టర్నేటర్ పోయింది."

"ఎలా తెలిసింది?"

"శబ్దం వచ్చింది."

"ఎలాంటి శబ్దం?"

"పోయిన శబ్దం!"

ఆవిడ కిటికీ దగ్గరే నిలబడి చూస్తూ ఉండిపోయింది. చూసేవాళ్ళుంటే నాకు పని సాగదు. బెల్టు వదులు చెయ్యబోతే ఒక బోల్టు జారి ఇంజను సందుల్లోకి పోయింది. లోపలెక్కడో టింగుమంది గాని కిందికి మాత్రం రాలేదు. దానికోసం కారు కిందికి దూరాను, కారుని ఊపాను, బతిమాలాను. అది దొరక్కపోగా నా కళ్ళజోడు దొరికింది, అప్పటిదాకా అది పడిపోయిందనే నాకు తెలీదు.

ఇక చివరి బోల్టు. అది మా పెళ్ళికి ముందునించీ బిగుసుకుని ఉన్నట్టుంది. చేత్తో రాకపోతే బంపరుకి కాలు తన్నిపెట్టి, రెండు చేతులా స్పానర్ పట్టుకుని లాగాను. బోల్టు ఊడింది, దానితోపాటు నేనూ ఊడాను. కుడి మణికట్టు వెళ్ళి ఇనప అంచుకి కొట్టుకుంది. బ్యాటు పట్టాల్సిన చెయ్యి! తెల్లారేసరికి సర్దుకుంటుందిలే అని జేబులో పెట్టుకున్నాను.

ఇరవై నిమిషాల పని నాలుగు గంటల్లో పూర్తి చేసి, ఆల్టర్నేటర్ని ఎడంచేత్తో మోసుకొచ్చి, మా ఆవిడ అప్పుడే పరిచిన బల్లగుడ్డ మీద పెట్టాను. "ఇదిగో, చేత్తో పట్టుకుని చూసుకో. ఇది లేకపోతే కారు కదలదు."

ఇక్కడ మీకో సంగతి చెప్పడం మర్చిపోయాను. నిజానికి అది నేనే మర్చిపోయాను. మా మామగారు బస్సు డిపోలో ముప్పై ఏళ్ళు ఎలక్ట్రీషియన్‌గా పనిచేశారు. అక్కాచెల్లెళ్ళిద్దరూ డిపో క్వార్టర్స్‌లోనే పెరిగారు.

మా ఆవిడ దాని చక్రాన్ని వేలితో తిప్పి చెవి దగ్గర పెట్టుకుంది. తర్వాత వాసన చూసింది. "మాడిన వాసన లేదే?"

"లోలోపల మాడింది. కొందరు మనుషులంతే, పైకి తెలీదు."

"అయ్యో పాపం," అంది. "అయితే రేపు మీకే పనీ లేదన్నమాట?"

"ఏ పనీ లేదు. ఇంట్లో పడుకుంటాను."

"నిజంగా?"

"ఒట్టు."

ఆవిడ నావంక కాసేపు అదోలా చూసి, దాన్ని పాత పేపర్లో చుట్టి లోపలికి తీసుకుపోయింది.

ఆదివారం పొద్దున తొమ్మిదింటికి నేను మంచం మీద దర్జాగా అటూ ఇటూ దొర్లుతుంటే మా ఆవిడ చీర మార్చుకుని, తాళాలు ఆడిస్తూ వచ్చింది. "లేవండి, బయల్దేరుదాం."

"దేన్లో?"

"కార్లో."

"కారుకి ఆల్టర్నేటర్ లేదుగా!"

"దాని పని బ్యాటరీని నింపడం. బండిని నడపడం కాదు. బ్యాటరీ నిండా ఉంటే గంటసేపు హాయిగా పోతుంది. నిన్న మీరు నిద్రపోయాక నాన్నగారి ఛార్జర్ పెట్టాను. ఆ బెల్టు కూడా ఒక్క ఆల్టర్నేటర్‌కే, నీళ్ళ పంపుకి వేరే ఉంది. అన్నీ చూశాను, పదండి."

ఆవిడ తాళం తిప్పగానే ఇంజను మారుమాట్లాడకుండా మొదలైంది. నాలుగు గంటలు దాని కడుపు కోసిన నా మీద దానికి ఆమాత్రం విశ్వాసం లేదు.

"కరెంటు జాగ్రత్తగా వాడుకోవాలి," అంది మా ఆవిడ గేటు దాటుతూ. "పాటలొద్దు, ఫ్యానొద్దు, హారనొద్దు."

"హారన్ లేకుండా ఎలా?"

"మీరున్నారుగా."

అలా నేను హారన్నయ్యాను. కిటికీలోంచి తల బయటపెట్టి, "అమ్మా, జరగండి! సైకిల్, సైకిల్, పక్కకి!" అని అరుచుకుంటూ వెళ్ళాను. ఎడంపక్కకి మళ్ళినప్పుడల్లా చెయ్యి ఊపాను. ఒక కూడలిలో మా మేనేజర్ రోడ్డు దాటుతూ కనిపించాడు. ఆయన్ని కూడా జరగమన్నాను.

సగం దారిలో నాకు మళ్ళీ బుర్ర పనిచేసింది. అది పనిచేసినప్పుడల్లా నాకు నష్టమే, అయినా మానదు. వెనక అద్దం మీది మంచు కరిగించడానికి మా కార్లో ఒక బటన్ ఉంది, అది కరెంటుని తెగ తాగుతుందని అదే వీడియోలో విన్నాను. కారు మధ్యదారిలో ఆగిపోతే, మెకానిక్‌ని పిలుచుకొస్తానని చెప్పి నేనిటునించిటే ఆఫీసుకి పోవచ్చు. మా ఆవిడ అద్దంలోకి చూస్తున్నప్పుడు నెమ్మదిగా ఆ బటన్ నొక్కేశాను.

కారు ఆగింది. కాకపోతే మధ్యదారిలో కాదు, వదిన ఇంటికి రెండు వీధుల ఇవతల.

"దిగి తొయ్యండి," అంది మా ఆవిడ. ఆ వెలుగుతున్న బటన్ వైపు ఒకసారి, నావైపు ఒకసారి చూసింది.

అప్పటికే వాచిన చేత్తో రెండు వీధులు తోశాను. మెట్లావధాని వదినతోపాటు గేటు బయటికి వచ్చి, "కొంచెం ఎడమకి తమ్ముడూ! భలే, భలే! వాలు చూసుకో!" అని ప్రోత్సహించాడే గాని చెయ్యి వెయ్యలేదు. మా ఆవిడ డిక్కీ తెరిచి పేపర్లో చుట్టిన ఆల్టర్నేటర్ని, ఒక స్టీలు డబ్బాలో నేను విప్పిన బోల్టుల్ని తీసి ఆయనకి అందించింది. ఆయన మొహం వెలిగిపోయింది. అరుగుమీద పెట్టి, తీగలు తగిలించి, తిప్పి చూశాడు.

"ఇది బంగారంలా పనిచేస్తోంది కదా! పోయిందని ఎవరన్నారు?"

ముగ్గురూ నావైపు తిరిగారు.

"ఆయనకి దాన్ని ఒకసారి శుభ్రం చెయ్యాలనిపించింది బావా," అంది మా ఆవిడ తాపీగా. తిట్టినా బావుండేది. అలా వెనకేసుకొచ్చేసరికి సిగ్గుతో చచ్చిపోయాను.

ఇక దాచి లాభం లేదని ఆవిణ్ణి పక్కకి పిలిచి మొత్తం కక్కేశాను. ఫైనలూ, కప్పూ, అన్నీ.

"తెలుసు," అంది. "మీ క్యాషియర్ గురువారమే ఇంటికి ఫోన్ చేశాడు. అందుకే పొద్దున్నే వచ్చి ఒంటిగంటకల్లా బయల్దేరతామని అక్కతో చెప్పుంచాను. మూడింటికి మిమ్మల్ని నేనే దింపి, కూర్చుని ఆట చూద్దామనుకున్నాను. నిన్న మీరే చెప్తారేమోనని రెండుసార్లు అడిగాను కదండీ."

ఆ క్షణాన నాకు నా మీద కోపం వచ్చింది, ఆవిడ మీద ప్రేమొచ్చింది, రెండూ కలిసి కళ్ళలోకి నీళ్ళొచ్చాయి. "ఇప్పుడైనా మించిపోలేదు, ఆటోలో పోదాం పద," అన్నాను.

"ఏదీ, చెయ్యి చూపించండి."

జేబులోంచి తీశాను. అది పొంగిన బన్నులా ఉంది. ఆవిడ నా చేతికి ఒక చెంచా ఇచ్చి పట్టుకోమంది. చెంచా కింద పడింది.

క్యాషియర్‌కి ఫోన్ చేశాను. "నేను ఆడలేనండీ. చెయ్యి వాచింది. ఇప్పుడెలా?"

"మన బదులు కుటుంబసభ్యులెవరైనా ఆడొచ్చని నోటీసులోనే ఉందిగా," అన్నాడు క్యాషియర్, దిగులన్నది లేకుండా. "ఎవరైనా ఫర్వాలేదు. మీరు కాకపోతే చాలు."

"డిపో క్లబ్బులో మేమిద్దరం ఎనిమిదేళ్ళు టేబుల్ టెన్నిస్ ఆడాం," అంది వదిన, అప్పటికే స్కూటర్ బయటికి తీస్తూ. నా బదులు ఆడటానికి మా ఆవిడ చీరకొంగు బొడ్లో దోపింది. నాకీ సంగతి పదకొండేళ్ళుగా తెలీదు, ఎందుకంటే నేనెప్పుడూ అడగలేదు.

"కనీసం నేనొచ్చి చూస్తాను!" అన్నాను.

"స్కూటర్ మీద ఇద్దరికే చోటు. పైగా బావ అది బిగించేటప్పుడు ఎవరో ఒకరు టార్చి పట్టుకోవాలి కదా. ఎడంచెయ్యి బాగానే ఉందిగా," అని వెనక ఎక్కి కూర్చుంది మా ఆవిడ.

మెట్లావధాని నా భుజం మీద చెయ్యేశాడు. "మీరు నిశ్చింతగా వెళ్ళిరండమ్మా. తమ్ముణ్ణి నేను చూసుకుంటాను."

చూసుకున్నాడు. ఆల్టర్నేటర్ బిగించడానికి ఆయనకి గంట పట్టింది. ఇంజనులో మాయమైన నా బోల్టుని కూడా అయస్కాంతం పెట్టి లాగాడు. బ్యాటరీ నిండడానికి ఆరవుతుందన్నాడు. మిగిలిన సమయమంతా మెట్లు. ఏడో మెట్టు మీద ఉండగా మా ఆవిడ మొదటి గేమ్ గెలిచిందని వదిన ఫోన్ చేసింది. పన్నెండో మెట్టు మీద రెండోది. పదహారో మెట్టు మీద నిలబడి, "అప్పుడు వానొచ్చింది తమ్ముడూ, నేనేం చేశానో చెప్పు?" అని ఆయన అడుగుతుండగా మూడోదీ, దాంతోపాటు కప్పూ. నేను అక్కడే, ఆ మెట్టు మీదే గట్టిగా ఈల వేశాను. ఆయన తన వాన కథకే అనుకుని పొంగిపోయి, మళ్ళీ మొదటినించీ చెప్పాడు.

సోమవారం చేతికి కట్టుతో ఆఫీసుకెళ్ళాను. మేనేజర్ ఎదురొచ్చి ఏమంటాడోనని బిక్కచచ్చిపోయాను గాని, ఆయన నన్ను పట్టుకుని పక్కనున్నాయనకి పరిచయం చేశాడు: "వీరు మన ఛాంపియన్‌గారి భర్త."

నోటీసు బోర్డు మీద విజేతల పేర్లు రాయడం మా సెక్షన్ పనే. ఎడంచేత్తో రాసి, ఫోటో తీసి మా ఆవిడకి పంపించాను. అక్షరాలు వంకరగా ఉన్నాయి, చెరిపి మళ్ళీ రాయమంది. మళ్ళీ రాశాను.