చామంతి చేను కాడ లంకె బిందెలు

ఆ మంగళవారం పొద్దున నతానియేలు వేసుకున్న పథకం చాలా చిన్నది. తొమ్మిదింటికి చేనుకు పోవాలి. బండ సందులో దాచిన ప్లాస్టిక్ డబ్బాలోంచి తడిసిన నోటుబుక్కు తీసి కొత్తది పెట్టాలి. పదింటికల్లా ఇంటికి వచ్చి ఇస్త్రీ చొక్కా తొడుక్కోవాలి, ఎందుకంటే పదకొండుకు రెవెన్యూ గిర్దావర్ శశిధర్ బాట తగాదా తేల్చడానికి మోకా మీదికి, అంటే చేను కాడికే, వస్తున్నాడు. వీటిలో చేనుకు పోవడం ఒక్కటే అనుకున్నట్టు జరిగింది.

ముందు బాట సంగతి చెప్పుకోవాలి. చేవెళ్లకూ మొయినాబాద్‌కూ నడుమ, బీజాపూర్ రోడ్డు దిగి కాస్త లోపలికి పోతే నతానియేలు చామంతి చేను. ఎకరం పది గుంటలు. పశువుల దవాఖానలో కాంపౌండరుగా రిటైరైన మరునాడే అందులోకి దిగాడు. తాతల నాటి నుంచి ఆ చేనుకు బండ్ల బాట ఉంది గాని, సర్కారు పటంలో, అదే నక్షాలో, లేదు. ఈ ముక్క పక్క చేను కొని ఫామ్‌హౌస్ కట్టుకున్న భూపాల్ చెవిన పడింది. రెండు నెలల కిందట బాటకు అడ్డంగా రాతి కడీలు పాతి ముళ్ల తీగ లాగేశాడు. పైగా ఇక్కడ బాటే లేదనీ, మనిషన్నవాడు ఎన్నడూ నడవలేదనీ గిర్దావర్‌కు రాసి సంతకం పెట్టి ఇచ్చాడు.

అప్పటినుంచి నతానియేలూ భార్య ధనమ్మా పూలగంపలు నెత్తిన పెట్టుకుని కుంటకట్ట చుట్టూ రెండు కిలోమీటర్లు మోస్తున్నారు. ఇప్పుడు చేనంతా ఒక్కసారి విచ్చుకుంది. ట్రాలీ ఆటో లోపలికి రాకపోతే పంట మట్టిపాలు, ఆ తర్వాత చేను భూపాల్ పాలు. భూపాల్ కోరేది కూడా అదే.

గిర్దావర్ మంచివాడే. "నక్షాల లేకున్నా ఫికర్ లేదు పెద్దాయనా, మూడేండ్ల సంది మంది నడుస్తున్నరని సాక్షులు చెప్తే రాస్త," అన్నాడు. ఊళ్లో ఆ బాటన నడవని కాలు లేదు. కాని భూపాల్ పేరు వినగానే అందరికీ ఒకేసారి మతిమరుపు వచ్చింది. నెల రోజులు గడప గడపా తిరిగినా ఒక్క సాక్షీ దొరకలేదు.

ఇక డబ్బా సంగతి. దొంతన్‌పల్లి యూనివర్సిటీ ఆఫీసులో పనిచేసే కూతురు జెన్నీ మూడేళ్ల కిందట తండ్రికి ఒక ఆట నేర్పింది. పేరు జియోక్యాషింగ్. లోకంలో ఎక్కడో ఒకరు ఒక డబ్బా దాచి, అది ఏ అక్షాంశం, ఏ రేఖాంశం మీద ఉందో యాప్‌లో పెడతారు. ఆట తెలిసినవాళ్లు ఫోన్ పట్టుకుని వెతుక్కుంటూ వస్తారు. లోపలి పుస్తకంలో పేరూ తారీఖూ రాస్తారు, ఒక బొమ్మ తీసుకుని తమదొకటి పెడతారు, డబ్బాను మళ్లీ దాని చోట దాచి వెళ్లిపోతారు. ఇందులో గెలుపూ లేదు, బహుమతీ లేదు. ఉన్నదల్లా ఒక కట్టుబాటు, ఆట తెలియనివాళ్ల కంట పడకూడదు.

నతానియేలు ఈ ఆట పిచ్చిలో పీకల్దాకా మునిగి, ఆ ఏడే చేను బాట పక్కన తన డబ్బా ఒకటి దాచాడు. నిరుడు షాబాద్‌లో చుట్టాల పెళ్లికి పోయి, తాళి కట్టే వేళకు కల్యాణమండపం వెనక రాళ్లు ఎత్తి చూస్తూ ధనమ్మకు దొరికిపోయాడు. ఆ రాత్రే బైబిల్ మీద కాదు గాని, దాని పక్కన చెయ్యి పెట్టి, ఇక డబ్బా ముట్టనని ఒప్పుకున్నాడు. అందుకే తండ్రీ కూతుళ్లు డబ్బాను డబ్బా అనడం మానేశారు. ధనమ్మకు తెలియకుండా దానికి 'నిధి' అని పేరు పెట్టుకున్నారు. అంత తెలివి ఎక్కువై చేసిన పని మరొకటి ఆ ఇంట్లో జరగలేదు.

"యాడికి?" అంది ధనమ్మ ఆ పొద్దున.

"మోటరు చూసొస్త."

"కరెంటు లేదు గదా?"

"లేనప్పుడే చూడాలె, షాక్ కొట్టది."

భార్య మరో ప్రశ్న వేసేలోపు నతానియేలు గడప దాటాడు.

చేను దగ్గర ముళ్ల తీగ కింద దూరి, బాట పక్కన పేర్చిన బండల దగ్గర ఆగాడు. కట్టుబాటు ప్రకారం నాలుగు దిక్కులూ చూశాడు, దొంగతనం చేసేవాడు కూడా అంత జాగ్రత్తగా చూడడు. బండ జరిపి డబ్బా తీశాడు. మూత తీయగానే పైన పసిడి రంగు బిళ్ల తళుక్కుమంది. అది ఊళ్లు తిరిగే బిళ్ల. ఎవరికి దొరికితే వాళ్లు దాన్ని మరో దేశపు డబ్బాలో వేయాలి. దాన్ని తీసి అరచేతిలో పెట్టుకున్నాడు, ఫోన్ మోగింది. తడి చేత్తో నొక్కితే స్పీకర్ కూడా నొక్కుకుపోయింది.

"బాపూ! నిధి దొరికిందా?" జెన్నీ గొంతు చేనంతా వినపడింది. "జల్ది కానియ్యి. ఎవ్వరి కంట పడకుంట తియ్యి. ఆ బంగారు బిళ్ల పైలం, అది దేశం దాటాలె!"

నతానియేలు ఫోన్ నోరు మూసి తల ఎత్తేసరికి ఎదురుగా బర్రె నిలబడి ఉంది. బర్రె వెనక సత్తమ్మ ఉంది. ఊళ్లో ఏ వార్తయినా పేపరు కన్నా ముందు సత్తమ్మ దగ్గరికి వస్తుంది.

"ఏంది నతానియేలన్నా, నిధా?"

"నిధి లేదు గిధి లేదు సత్తమ్మా. మోటరు చూస్తున్న."

"బండ కింద మోటరా?"

అంతటితో ఊరుకుని ఉంటే ఏమయ్యేదో గాని, నతానియేలు నోరు జారాడు. "ఎవ్వరికి చెప్పకు సత్తమ్మా, నీకు దండం పెడ్త!"

"నేనెవరికి చెప్తనన్నా," అంది సత్తమ్మ. మేతకు పోతున్న బర్రెను అక్కడికక్కడ మళ్లించి ఊరి దారి పట్టింది.

సత్తమ్మ ఊరి మొదట్లో ఒక బంగారు బిళ్ల చూశానని చెప్పింది. అది కిరాణా కొట్టు దగ్గరికి వచ్చేసరికి ముంత అయింది. బస్‌స్టేజీ దాటేసరికి లంకె బిందెలు, అవీ ఏడు. దేశం దాటాలన్న ముక్కకు దుబాయి ముఠా తోడైంది. పదింటికి ఈ వార్త ఫామ్‌హౌస్ గేటు తట్టింది. భూపాల్ తాగుతున్న చాయ్ కింద పెట్టి నవ్వాడు. గుప్తనిధుల కేసులో ముసలాయన లోపలికి పోతే చేను తన్నుకుంటూ తన దగ్గరికే వస్తుంది! ఆ సంతోషంలో వెంటనే ఠాణాకు ఫోన్ కొట్టాడు.

నతానియేలు ఇంకా అక్కడే ఉన్నాడు. సత్తమ్మను చూసిన తొందరలో, పుస్తకం మార్చకముందే బిళ్లను లోపల పడేసి మూసిన డబ్బా మూత వంకరగా పడి బిగుసుకుంది, ఎంతసేపటికీ ఊడి రావడం లేదు. దాన్ని మోకాళ్ల నడుమ పెట్టి లాగుతుంటే మోటారు సైకిళ్ల చప్పుడు వినిపించింది. తల తిప్పితే ఊరు ఊరంతా తీగ కింద దూరుతోంది. నూరు మందికి తక్కువ లేరు, సగం మంది చేతుల్లో గడ్డపారలు. అందరికన్నా ముందు ధనమ్మ.

"మోటరు దొరికిందా?" అంది ఆమె.

నతానియేలుకు ఆ క్షణాన బండ సందులో తానే దాక్కోవాలనిపించింది. ఇంకో అరగంటలో గిర్దావర్ వస్తాడు, తాను ఇలా దొంగలా నిలబడి ఉంటే బాట మాట ఎవరు వింటారు? పూలు, చేను, పరువు మూడూ ఒక్క డబ్బాతో పోయాయనుకున్నాడు.

ఠాణా నుంచి వచ్చిన కానిస్టేబుల్ ప్రభాకర్ తీగ దాటి వచ్చి జేబులు తడుముకున్నాడు. కాగితం మరిచి వచ్చాడు. నతానియేలు చంకలోని కొత్త నోటుబుక్కు కనబడగానే లాక్కుని మొదటి పేజీ తెరిచాడు.

"చెప్పున్రి భూపాల్ సార్. ఫిర్యాదు మీదే గదా?"

"నాదే సార్!" భూపాల్ గొంతు సవరించుకున్నాడు. నూరు మంది వింటున్నారు, ఇంత మంచి సభ అతనికి సర్పంచ్ ఎన్నికల్లో కూడా దొరకలేదు. "మూడేండ్ల సంది చూస్తున్న. ఎవరెవరో కొత్తోళ్లు వస్తున్నరు, పోతున్నరు. తెల్లోళ్లు గూడ వచ్చిన్రు. నా కెమెరాల పడ్డరు, అన్ని ఫోన్ల దాచిపెట్టిన. చూడున్రి!"

"ఎటుకెల్లి వస్తరు?"

"ఎటుకెల్లి ఏంది సార్, గీ బాటెంబడే! కంచె ఏసినంక గూడ కింద దూరి గీ బాటకే వస్తున్నరు."

ప్రభాకర్ ప్రతి మాటా పొల్లుపోకుండా రాశాడు. భూపాల్ కింద సంతకం గీకి, దాని కింద రెండు గీతలు కూడా కొట్టాడు.

సరిగ్గా అప్పుడే గిర్దావర్ శశిధర్ జీపు తీగ అవతల వచ్చి ఆగింది. ఆ జనాన్ని చూసి ఆయన కళ్లజోడు తుడుచుకున్నాడు. "అబ్బో! ఒక్కరు గూడ దొరకలేదంటివి గద పెద్దాయనా, ఇంతమంది సాక్షులా?"

"మేం సాక్షులం కాదు సార్," అన్నాడు గుంపులోంచి బాలమల్లు, గడ్డపార వెనక దాచుకుంటూ. "మేం లంకె బిందెలకు వచ్చినం."

ప్రభాకర్ డబ్బా అందుకుని, నేల మీద ఒక్క దెబ్బ కొట్టి మూత ఊడదీశాడు. నూరు తలలు ముందుకు వంగాయి. పసిడి రంగు బిళ్ల, ప్లాస్టిక్ కప్ప, తాళంచెవి గొలుసు, ఆడపిల్ల జుట్టు క్లిప్పు, ఉబ్బిన నోటుబుక్కు. ప్రభాకర్ బిళ్లను గోటితో గీరి చూసి, రేకు అన్నాడు. గుంపు ఊపిరి ఒక్కసారిగా దిగింది. సత్తమ్మ మాత్రం తన బర్రె కూడా చూసిందని వాదించింది.

"ఇది ఆట సార్," అన్నాడు నతానియేలు, భార్య వైపు చూడకుండా. "దునియాల అందరు ఆడ్తరు. వచ్చినోళ్లు గా బుక్కుల పేరు రాసి పోతరు, అంతే."

గిర్దావర్ ఆ నోటుబుక్కు తీసుకున్నాడు. ఒక పేజీ తిప్పాడు. ఇంకో పేజీ తిప్పాడు. మూడో పేజీ దగ్గర బండ మీద కూర్చున్నాడు.

"మూడేండ్ల కింద జనవరి పన్నెండు. ఇద్దరు, జర్మనీ. రోడ్డు కాడ దిగి బాట పొంటి నడిచినమని రాసిన్రు," అని పైకి చదివాడు. "ఆగస్టు మూడు. హైదరాబాద్ కుటుంబం, నలుగురు. బాట బురదగున్నది గాని ఆటో వచ్చిందట. నిరుడు నవంబరు. పోలండ్ ఆయన. పూల నడుమ ఇంత మంచి బాట చూడలేదట." ఆయన వేలు పేజీ అడుగుకు దిగింది. "అందరు కలిసి నలభై ఆరు మంది. ప్రతి పేరు పక్కన తారీఖు. పెద్దాయనా, గింత సాక్ష్యం బండ కింద పెట్టి, నెల రోజులు ఇల్లిల్లు తిరిగినవా?"

ఇన్నాళ్లూ నతానియేలు అది ఆట అనుకున్నాడు. ఊళ్లో నోరు విప్పని మనుషుల బదులు, ముక్కూ మొహం తెలియని నలభై ఆరు మంది తన బాట కోసం సంతకం పెట్టి పోయారు. అరవై ఒక్క ఏళ్ల వయసులో, నూరు మంది ముందు, కళ్ల నీళ్లు తిరిగాయి. ఆయన వాటిని తుడుచుకోలేదు కూడా.

"అవన్ని దొంగ సంతకాలు!" అని అరిచాడు భూపాల్. "ఈడ బాటే లేదు! మనిషన్నోడు నడువలేదు!"

ప్రభాకర్ తీరిగ్గా కొత్త నోటుబుక్కు మొదటి పేజీ గిర్దావర్ ముందు పెట్టాడు. గిర్దావర్ తన ఫైల్లోంచి భూపాల్ పాత కాగితం తీసి దాని పక్కన పెట్టాడు. రెండు కాగితాలూ, ఒకటే సంతకం. ఒకదాంట్లో బాట లేదు, మనిషి నడవలేదు. రెండోదాంట్లో మూడేళ్ల నుంచి ఈ బాట మీద రాకపోకలు ఆగనే లేదు, వీడియోలు కూడా ఉన్నాయి.

"జర చెప్పున్రి భూపాల్ సార్," అన్నాడు ప్రభాకర్ చాలా మర్యాదగా. "మా ఠాణాకు అబద్ధం చెప్పిన్రా, రెవెన్యూకు అబద్ధం చెప్పిన్రా? కేసు ఏ దిక్కు రాయాలె?"

భూపాల్ అటు చూశాడు, ఇటు చూశాడు. నూరు మందీ మతిమరుపు లేకుండా అతన్నే చూస్తున్నారు.

"బాట... ఉన్నది సార్," అన్నాడు చివరికి.

"గట్టిగ చెప్పున్రి, రాసుకోవాలె."

"బాట ఉన్నది! కడీలు తీస్త!"

తీసే శ్రమ అతనికి పడలేదు. గడ్డపారలు తెచ్చుకుని ఉత్త చేతులతో ఇంటికి పోవడం ఎవరికీ ఇష్టం లేదు. ముందు బాలమల్లు ఒక కడీకి పార ఆనించాడు. అప్పటిదాకా గోడ మీది పిల్లుల్లా ఉన్న మనుషులు ఒక్కొక్కరే వచ్చి చెయ్యి వేశారు. మా నాయిన బండి ఈడికెల్లే పోయేదని ఒకరు, నా పెండ్లికి పూలు ఈడికెల్లే వచ్చినయని ఇంకొకరు, అందరికీ ఉన్నట్టుండి జ్ఞాపకాలు పొంగుకొచ్చాయి. పదిహేను నిమిషాల్లో ముళ్ల తీగ చుట్ట చుట్టి ఫామ్‌హౌస్ గేటు ముందు పడింది.

మధ్యాహ్నం మూడింటికి ట్రాలీ ఆటో హారన్ కొట్టుకుంటూ బాటలోకి వచ్చింది. గంపలు నిండుగా ఎక్కాయి. ధనమ్మ డ్రైవరు పక్కన రాణిలా కూర్చుని, వెనక వేలాడుతున్న మొగుడి వైపు తిరిగింది.

"ఇంకేమన్న డబ్బాలు దాసినవా?"

నతానియేలు గంప చాటుకు తల దించాడు. "కుంటకట్ట కాడ ఒకటి..."

"భూపాల్ ఫామ్‌హౌస్ వెనక గల్లీల గూడ ఒకటి పెట్టు," అంది ధనమ్మ. "ఆడ గూడ బాట సన్నబడుతున్నదట."

రెండు నోటుబుక్కులనూ సాక్ష్యం కింద గిర్దావర్ ఫైల్లో కుట్టేశారు. అందుకని ఆ సాయంత్రం నతానియేలు జెన్నీ చేత యాప్‌లో ఒక గమనిక పెట్టించాడు: డబ్బా దాని చోటనే ఉంది, పుస్తకం మండలాఫీసులో ఉంది, సంతకం చేయదలచినవారు పనివేళల్లో రాగలరు. మరుసటి నెల ఒక డెన్మార్క్ ఆయన రెండు విమానాలూ ఒక బస్సూ మారి నేరుగా ఆ ఆఫీసుకు వెళ్లాడు.

సంతకం పెట్టనిచ్చారు గాని, ఆధార్ జిరాక్సు అడిగారట.