మోచేతి పైన గాజులు

మానుకోటలో తన ఆఫీసు బతుకమ్మ పండుగకు ఏం కట్టుకెళ్లాలో దీప పొద్దున్నే తేల్చుకుంది. పట్టుచీర కట్టుకోవాలి, ఫైళ్లు చూసుకోవాలి, సాయంత్రం నాలుగు చుట్లు ఆడి ఇంటికి రావాలి. ఆ బుద్ధి ఆమెకు ఇంకో గంట నిలిచినా బాగుండేది. ఈలోగా సూపరింటెండెంట్ సుజాత మేడం ఫోన్ చేసింది.

"పట్టుచీరలు అందరు కడ్తరు గని, నువ్వు మీ తండా డ్రెస్ ఏసుకో. యాషాల పోటీల ఫస్ట్ ప్రైజు మన సెక్షన్‌కే రావాలె. పనికి అడ్డం రాకుంట జర సూసుకో."

దీప నాయనమ్మ పెట్టె తెరిచి అద్దాల లంగా, రవిక తీసింది. అక్కడితో ఆగితే పీడా పోయేది. పెట్టె అడుగున మోచేతి పైన వేసుకునే తెల్ల గాజులు, చెంపల మీదికి వేలాడే వెండి బిళ్లలు కనబడ్డాయి. తండాలో అవి పెళ్లయిన ఆడవాళ్లే పెట్టుకుంటారు. ఆ సంగతి దీపకు తెలియక కాదు. ఆఫీసులో ఎవరు గుర్తుపడతారులే అనుకుని సంచిలో వేసుకెళ్లి, అక్కడ అలంకరించుకుంది.

నిజానికి ఆ వారమంతా ఆమె ఒళ్లు దగ్గర పెట్టుకుని మసలుకోవలసింది. భూపాలపల్లిలో బొగ్గు లారీ నడిపే గణపతిని చేసుకుంటానని ఏడాదిగా తండ్రి బీక్యాను బతిమాలుతోంది. "సర్కారు నౌకరి పిల్లకు లారీ డ్రైవరా?" అని ఆయన ముఖం తిప్పుకుంటున్నాడు. ఆదివారం గణపతి వాళ్లు అడగడానికి వస్తున్నారు. అవునో కాదో ఆ రోజే తేలిపోతుంది. దీపకు అన్నం కూడా సయించడం లేదు.

పోటీకి పెళ్లికొడుకులా పంచె కట్టి తలపాగా చుట్టిన గుమాస్తా చరణ్ పక్కన నిలబడి దీప ఫొటో దిగుతోంది. సర్టిఫికెట్ కోసం వచ్చిన మేనత్త మోతీబాయి అప్పుడే గుమ్మంలో ఆగిపోయింది. గాజులు చూసింది. చెంపలు చూసింది. తలపాగా చూసింది. అడిగితే నిజం తెలిసిపోతుందని కాబోలు, ఏమీ అడగలేదు. తానూ ఒక ఫొటో కొట్టి తండా గ్రూపులో పెట్టేసి, గిరుక్కున వెనుదిరిగింది.

దీప వెంటపడింది. "అత్తా, జర ఆగు! గిది ఉత్తగనే!"

"పెండ్లి ఉత్తగనే జేసుకుంటరా బిడ్డా?" అంటూ మోతీబాయి ఆటో ఎక్కేసింది.

దీప తండ్రికి ఫోన్ కలిపింది. ఎంగేజ్. మళ్లీ ఎంగేజ్. తండాకు తండా ఆయనతోనే మాట్లాడుతున్నట్టుంది. ఈలోగా ఫొటో భూపాలపల్లి దాకా పోయి, గణపతి మెసేజ్ వచ్చింది: "డ్రెస్ మంచిగుంది దీపా. పక్కన పోరడు ఎవరు?"

గాజులు తీసేద్దామంటే ఊడి రావు. సుజాత మేడం సబ్బు రుద్దింది, కొబ్బరినూనె పోసింది. చెయ్యి వాచింది తప్ప గాజు కదల్లేదు.

"పరేషాన్ గాకు. మీ బాపు ఈడికే ఉరికొస్తడు గద, గేటు కాడనే నేను సమజ్ చేస్త," అని చరణ్ బయల్దేరాడు. తలపాగా తీసి వెళ్లమని చెప్పాలని ఎవరికీ తోచలేదు.

బీక్యా ఆటో దిగీ దిగగానే సాక్షాత్తూ పెళ్లికొడుకే ఎదురొచ్చి, "బాపూ, జర నేను జెప్పేది ఇను," అన్నాడు.

"ఎవనికిరా బాపు?" బీక్యా చరణ్ లాల్చీ గల్లా పట్టుకున్నాడు. అది పర్రున చిరిగింది.

దీప నురగ చేతులతో ఉరికొచ్చింది. "బాపూ, ఇడువు! గిది ఆఫీసు పండుగ యాషం. నీ మీద ఒట్టు, నాకు పెండ్లి గాలె! చేసుకుంటే గణపతినే చేసుకుంట. గది గూడ నువ్వు సరే అంటెనే." చెబుతుండగానే ఏడుపు ముంచుకొచ్చింది.

బీక్యా చుట్టూ చూశాడు. అటెండర్ కట్టయ్య గొంగడి కప్పుకుని, ఒక చేత్తో గొర్రెలు తోలే కర్ర, ఇంకో చేత్తో ఫైళ్లు పట్టుకుని నిలబడ్డాడు. వేషమేనని నమ్మకం కుదిరింది. కానీ చరణ్‌ను ఎగాదిగా చూసేసరికి ఆయనకు కొత్త దిగులు పట్టుకుంది.

"ఇయ్యాల యాషమే. రేపు నిజం గాదని గ్యారంటీ ఏంది?"

అంతలో దీప ఫోన్ మోగింది. గణపతి. బీక్యా ఫోన్ లాక్కున్నాడు. ఇక అంతా అయిపోయిందని దీప కళ్లు మూసుకుంది.

"అల్లుడా," అన్నాడు బీక్యా. "ఆదివారం దాక ఎందుకు? లారీ ఆడనే వెట్టి, రేపు పొద్దుగాల మీ అవ్వను తోలుకొని రా."

దీప తండ్రి భుజం మీద వాలి వెక్కి వెక్కి ఏడ్చింది. ఈసారి సంతోషంతో. గాజుల కోసం సుజాత మేడం మళ్లీ సబ్బు తెచ్చింది. అన్న వెనకాలే ఆటో దిగిన మోతీబాయి అడ్డుపడింది.

"ఇగ తీసుడెందుకు? ఉండనియ్."

సాయంత్రం ఫస్ట్ ప్రైజు చరణ్‌కు వచ్చింది. చిరిగిన గల్లాతో పెళ్లికొడుకు వేషం మహా సహజంగా ఉందట.