ఈగ వాలదు

మామగారు కూతురి మీద ఈగ వాలనివ్వరు. అల్లుడి మీద ఏం వాలినా ఆయనకు పట్టదు. మామగారి కంపెనీలో జీతం తీసుకునే అల్లుళ్ళ బతుకులు ఎక్కడైనా ఇంచుమించు ఇలాగే ఉంటాయి గనక ఇందులో ప్రత్యేకంగా బాధపడాల్సిందేమీ లేదు.

కంపెనీ అంటే మరీ పెద్దది ఊహించుకోకండి. కింద నేల తుడిచే మందు కలిపే గది, దాని పక్కన గోడౌను, మేడమీద మామగారి ఆఫీసు గది, ఆ గదిని ఆనుకుని అల్లుడి కాపురం. మందు మాత్రం మామగారి నాన్నగారి కాలం నుంచీ ఒక్కటే, తెల్లటి ఫినాయిలు. ఆ వాసన గోడలకే కాదు, పెళ్ళి ఫొటోలకు కూడా పట్టేసింది. అల్లుడు రసాయనశాస్త్రం చదువుకున్నవాడు. ఈ వాసన మార్చకపోతే తన చదువు దండగ అని అతని నమ్మకం. నమ్మకాలకు అతని దగ్గర ఎప్పుడూ కొదవ లేదు. గొడుగు పట్టుకెళ్ళమంటే "ఈరోజు వాన రాదు" అని వెళ్ళి, తడిసి ముద్దయి వచ్చి, "ఇది వాన కాదు, జల్లు" అనగల మనిషి.

అలాంటి మనిషి ఆరు నెలలు తంటాలు పడి ఒక కొత్త మందు కలిపాడు. నిమ్మగడ్డి నూనె, జెరేనియం ఆకుల నూనె, ఇంకా ఏవో. పసుపుపచ్చగా, చూడ్డానికి ముచ్చటగా ఉంది. ఆ వాసనకు దోమలూ ఈగలూ ఆమడ దూరం పారిపోతాయన్నాడు. లేబుళ్ళు కూడా తనే అచ్చేయించాడు. పెద్ద అక్షరాలతో "ఈగ వాలదు" అని.

"చూడవయ్యా," అన్నారు మామగారు ఆ ఉదయం, కొత్త కోటు గుండీలు పెట్టుకుంటూ. "ఇవాళ హోటలాయన వస్తున్నాడు. ఆయన మెచ్చుకుని మందు తీసుకుంటే కలిపే గది తాళం నీ చేతికిస్తాను. నీ ఇష్టమొచ్చింది కలుపుకో. లేదంటే మళ్ళీ ఆ నూనెల మాట ఎత్తకూడదు. రేపట్నుంచి గోడౌన్లో డబ్బాలు సర్దుకోవాలి. సరేనా?"

"తాళం ఇప్పుడే ఇచ్చేయండి మావయ్యగారూ, మళ్ళీ మేడెక్కి దిగడం ఎందుకు," అన్నాడు అల్లుడు.

పైకి అలా అన్నాడు గానీ, కిందికి దిగగానే గోడౌను తలుపు చప్పుడు కాకుండా మూసేశాడు. డబ్బాలు సర్దడానికి అంత చదువు చదవక్కర్లేదు కదా.

ఏర్పాటంతా బ్రహ్మాండంగా చేశాడు. ఆఫీసు గది నేలంతా కొత్త మందుతో తుడిచాడు. బల్ల మధ్య ఒక పళ్ళెం నిండా పంచదార పాకం పోసి, మూత లేకుండా పెట్టాడు. కిటికీలు బార్లా తెరిచాడు. వచ్చినాయన కళ్ళముందే పాకం మీద ఒక్క ఈగ కూడా వాలకూడదు, అదీ పరీక్ష. గదిలో ముక్కుపుటాలు అదిరిపోయే నిమ్మ వాసన.

భార్య టీ కప్పులు తెచ్చి పెడుతూ కిటికీ వైపు చూసింది. "ఏమండీ, ఈగ వచ్చింది."

అల్లుడు దగ్గరికెళ్ళి చూశాడు. "ఇది ఈగ కాదు, తేనెటీగ. దారితప్పి వచ్చుంటుంది."

ఆ తేనెటీగకు దారితప్పిన లక్షణాలేమీ లేవు. ఇల్లు అద్దెకు చూడ్డానికి వచ్చిన మనిషిలాగా మూలమూలా తిరిగింది. నేల తుడిచిన తడి మాపు మీద కాసేపు నిలబడింది. తర్వాత బయటికి పోయి మరో అరడజను మందిని వెంటబెట్టుకు వచ్చింది.

"మందు చాల్లేదు," అని తేల్చేశాడు అల్లుడు.

నీళ్ళు కలపని మందు తెచ్చి నేలంతా రెండోసారి తుడిచాడు. తేనెటీగలు ఇంకా వచ్చాయి. కర్టెన్లకు పట్టించాడు. ఇంకా వచ్చాయి. "ఇవి వెనక్కి తగ్గే ముందు ఒకసారి ఇలా పెరుగుతాయి, జ్వరం లాగా," అని భార్యకు ధైర్యం చెప్పి, సీసాలో అడుగున మిగిలిన చిక్కటి నూనెను మామగారి కొత్త కోటు భుజానికీ చేతికీ రుద్దాడు.

"ఏంటయ్యా ఇది?" అన్నారు మామగారు.

"రక్షణ కోసం మావయ్యగారూ. ఇక మీ చుట్టుపక్కలకి ఏదీ రాదు."

"రాకపోతే నీ అదృష్టం," అన్నారాయన కోటు వాసన చూసుకుని.

అప్పుడే ఫోను మోగింది. హోటలాయన. మామగారు ఎత్తారు.

"కొంచెం ఆలస్యమవుతుందండీ, ఏమనుకోకండి," అన్నాడాయన రొప్పుతూ. "పొద్దున్నే మా రాణి వెళ్ళిపోయింది."

మామగారు ఆయన భార్యను ఎప్పుడూ చూడలేదు, పేరూ తెలియదు. ఇప్పుడు తెలిసిందనుకున్నారు. "అయ్యయ్యో. అసలేం జరిగింది?"

"ఏం జరగడమేంటండీ, ఇల్లు ఇరుకైపోయింది, వెళ్ళిపోయింది. పోతూపోతూ సగం మందిని వెంటేసుకుపోయింది. ఎక్కడో ఓ కొమ్మ మీద వాలి ఉంటుంది. మీ వీధివైపే వచ్చిందంటున్నారు. వెతుక్కుంటూ అటే వస్తున్నాను."

బాధలో మనిషికి కవిత్వం వస్తుందని మామగారు సరిపెట్టుకున్నారు. ఫోను పెట్టేసి కూతురికీ అల్లుడికీ సంగతి చెప్పారు. కూతురి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

"పాపం, అందర్నీ తీసుకుని పుట్టింటికి వెళ్ళిపోయిందేమో నాన్నా."

"ఏదైనా కానీ, ఆయన ముందు కుటుంబం ఊసెత్తకండి," అని హెచ్చరించి, గోడ మీది పెళ్ళి ఫొటోను తనే తీసి బీరువా వెనక పెట్టారు.

హోటలాయన వచ్చేసరికి ఆలస్యం బాగానే అయింది. చెమటలు కారుతున్నాయి. ఒక చేతిలో ఖాళీ అట్టపెట్టె, భుజం మీద తెల్లటి దుప్పటి. కూర్చున్నాడే గానీ చూపంతా కిటికీ బయట చెట్ల మీదే ఉంది. మనిషి పెట్టే బేడా సర్దుకుని ఇల్లు వదిలేసి వచ్చాడని మామగారికి అర్థమైపోయింది. కుటుంబం ఊసెత్తవద్దని కూతురికి చెప్పిన పెద్దమనిషి తనే ఆగలేకపోయారు.

"మీరు ధైర్యంగా ఉండాలి," అన్నారు మెల్లగా.

"ధైర్యానికేముందండీ, ఏటా ఉండేదే కదా."

"ఏటానా?"

"ఏటా. ఒక్కో ఏడాది రెండుసార్లు కూడా. పాత రాణి అటు గడప దాటగానే ఇటు కొత్త రాణి తయారు. మామూలుగా నేను ముందే కనిపెడతాను. ఈసారి హోటలు పనుల్లో పడి ఏమరిచాను."

వంటింటి గుమ్మంలో కప్పు చప్పుడైంది. మామగారు గొంతు సవరించుకున్నారు. "అంటే... ఇద్దర్నీ ఒకే ఇంట్లో పెట్టుకుంటారా?"

"ఎక్కడ కుదురుతుందండీ? ఒకళ్ళనొకళ్ళు చంపుకుంటారు. అందుకే వేరే ఇల్లు చూడాల్సొస్తుంది. మేడమీద ఇంకా నాలుగు కాపురాలున్నాయి నాకు."

"మరి పిల్లలు?"

"లెక్కపెట్టినవాడెవడు?" అని హోటలాయన తేలిగ్గా నవ్వాడు.

"అంతమందిని ఎలా పోషిస్తున్నారయ్యా?" అండీ కాస్తా అయ్యా అయిపోయింది.

"నేను పోషించేదేముంది. వాళ్ళు పొద్దస్తమానం తిరిగి సంపాదించి తెస్తారు, నేను కూర్చుని తింటాను."

ఇక మామగారి ఓపిక అయిపోయింది. కుర్చీలో నిటారుగా కూర్చున్నారు. "చూడండి, మాది పరువుగల కంపెనీ. మీలాంటివాళ్ళకు సరుకు అమ్మకపోయినా మాకొచ్చే నష్టమేమీ లేదు."

అల్లుడు గబగబా ఇద్దరి మధ్యకూ వచ్చాడు. చేతికందిన తాళం ఎగిరిపోతోంది. "మావయ్యగారూ, సార్ సొంత విషయాలు మనకెందుకు? సార్, మీరు ముందు ఈ పాకం చూడండి. ఇందాకట్నుంచీ ఒక్క ఈగ వాలిందేమో చూడండి."

హోటలాయన పాకం చూడలేదు. చెయ్యెత్తి అందర్నీ ఊరుకోమన్నాడు. బయట ఏదో పెద్ద మోటారు తిప్పినట్టు మోత. అది వీధిలోంచి మేడ దాకా వచ్చింది, మేడ దాకా వచ్చి కిటికీ దాకా వచ్చింది. తర్వాత కిటికీ కనిపించలేదు.

"అదిగో, వచ్చేసింది నా రాణి," అని హోటలాయన ఆనందంగా లేచాడు.

మామగారు చటుక్కున గుమ్మం వైపు తిరిగారు. ఎవరూ రాలేదు. ఆయన అటు తిరిగిన ఆ కాస్త సేపట్లో, గదిలోకి దూసుకొచ్చిన తేనెటీగల దండు నేలను వదిలేసి, కర్టెన్లను వదిలేసి, నేరుగా వచ్చి ఆయన కుడిభుజం మీద వాలింది. దాని మీద మరికొన్ని, వాటి మీద మరికొన్ని. చూస్తుండగానే భుజం నుంచి మోచెయ్యి కింద దాకా పనసకాయంత గుత్తి వేలాడింది.

"కదలకండి," అన్నాడు హోటలాయన. "ఇల్లు మారేటప్పుడు ఇవి కడుపునిండా తేనె తాగి ఉంటాయి. కుట్టే తీరిక ఉండదు. మీరు తీరిక కల్పించకండి."

మామగారు కదల్లేదు. ఊపిరి కూడా అడిగి పీల్చుకుంటున్నట్టు పీల్చారు. పెదవులు మాత్రం కదిలీ కదలకుండా, "ఈగ వాలదన్నావు," అన్నారు.

"ఇది ఈగ కాదు మావయ్యగారూ, తేనెటీగ," అన్నాడు అల్లుడు.

"గోడౌను," అన్నారు మామగారు. ఆ ఒక్క మాటలో ఆయన చెప్పాల్సిందంతా ఉంది. ఆరు నెలల కష్టం మామగారి చేతికి వేలాడుతుంటే ఎంత నమ్మకమున్న మనిషికైనా ఏడుపొస్తుంది. అతనికీ వచ్చింది.

హోటలాయన అవేవీ పట్టించుకోలేదు. మామగారి మోచేతి కింద అట్టపెట్టె పట్టుకుని, కోటు చేతిని ఒక్క విదిలింపు విదిలించాడు. గుత్తి దభాలున పెట్టెలో పడింది. పైన దుప్పటి కప్పి ఒక మూల తెరిచి ఉంచాడు. గదిలో ఎగురుతున్నవి ఒక్కొక్కటే ఆ మూలకు చేరసాగాయి. పెట్టె అంచు మీద కొన్ని వరసగా నిలబడి, తోకలు పైకెత్తి, రెక్కలు ఆగకుండా విసురుతున్నాయి.

"చూశారా," అన్నాడు హోటలాయన మురిపెంగా. "రాణి లోపలుంది. అందుకే మిగతావాళ్ళను పిలుస్తున్నాయి. తోక దగ్గర్నుంచి ఒక వాసన వదిలి రెక్కలతో విసురుతాయి. ఇల్లు ఇక్కడే, ఇటు రండి అని."

వంటింటి గుమ్మంలోంచి భార్య తొంగిచూసింది. "అంటే రాణి అంటే... ఇదా?"

"మరి ఎవరనుకున్నారమ్మా?"

మామగారు పెళ్ళి ఫొటో తీసేసిన గోడకున్న ఖాళీ మేకు వైపు చూస్తూ ఉండిపోయారు.

అల్లుడు మాత్రం పెట్టె మీదికి వంగి వాసన చూశాడు. మళ్ళీ చూశాడు. కళ్ళు తుడుచుకున్నాడు. "ఇది నా మందు వాసన."

"కాదు, వాటి వాసనే," అన్నాడు హోటలాయన. అని తనే ఆగి, ముక్కు ఎగబీల్చి, మాపు దగ్గరికి వెళ్ళి, కర్టెన్ దగ్గరికి వెళ్ళి, చివరికి మామగారి భుజం దగ్గరికొచ్చి వాసన చూశాడు. "ఏం కలిపారు ఇందులో?"

"నిమ్మగడ్డిలో ఉండే సిట్రాల్, జెరేనియంలో ఉండే జెరానియాల్."

"తేనెటీగ తోకలో ఉండేవీ అవేనయ్యా. మీరు గదంతా 'రండి, రండి' అని రాసి పెట్టారు."

అల్లుడు భార్య వైపు చూశాడు, మామగారి వైపు చూశాడు, వెన్ను నిటారు చేశాడు. "అవునండీ. అదే నా ఉద్దేశం," అన్నాడు.

భార్యకు దగ్గు వచ్చి లోపలికి వెళ్ళిపోయింది.

"నా హోటల్లో నేల తుడవడానికైతే ఒక్క సీసా కూడా వద్దు," అన్నాడు హోటలాయన. "హోటలు మేడమీద తేనె పెట్టెల్లో ఉన్న మిగతావాళ్ళంతా భోజనాల గదిలోకి దిగొస్తారు. కానీ ఖాళీ పెట్టెల్లో నాలుగు చుక్కలు వేస్తే ఎగిరిపోయిన గుంపు దానంతటదే వచ్చి చేరుతుంది. మీ దగ్గరున్న సీసాలన్నీ నాకు కావాలి. తేనె పెట్టెలు పెట్టేవాళ్ళు నాకు చాలామంది తెలుసు. వాళ్ళందరికీ కావాలి. ఇంకెవరికీ అమ్మకండి."

మామగారు కోటు విప్పి కుర్చీకి తగిలించారు. దాని మీద ఇంకా రెండు మూడు తేనెటీగలు ఇల్లు ఖాళీ చేసేది లేదని కూర్చున్నాయి. ఆయన జేబులో చెయ్యిపెట్టి, కలిపే గది తాళం తీసి, బల్ల మీద పాకం పళ్ళెం పక్కన పెట్టారు. పాకం మీద నిజంగానే ఒక్క ఈగ కూడా వాలలేదు. ఆ సంగతి అల్లుడు వేలుపెట్టి చూపించాడు. ఆయన చూడనట్టు నటించారు.

అచ్చేసిన లేబుళ్ళు పారేయడం మామగారి వంటికి సరిపడదు. "ఈగ వాలదు"లో "ఈగ" ముందు చిన్న చీటీ మీద "తేనెటీగ కాక ఇతర" అని రాయించి అంటించారు. సీసాలు మాత్రం చకచకా పోతున్నాయి. గోడౌన్లో డబ్బాలు సర్దడానికి ఆయనే వెళ్తున్నారు. అల్లుడు గదిలో ఉంటే గట్టిగా మాట్లాడవద్దని పనివాళ్ళకు చెప్పారు. టీ తనే పంపిస్తున్నారు.

ఇప్పుడు మామగారు అల్లుడి మీద కూడా ఈగ వాలనివ్వడం లేదు. తేనెటీగ సంగతి మాత్రం తన చేతుల్లో లేదంటారు.