మగ్గం గుంతలో హైగ్రోకేసీ

మా ఇంటికి ఎప్పుడొచ్చినా మిమ్మల్ని ముందుగదిలో కూర్చోబెట్టకుండా నేరుగా వంటింట్లోకి తీసుకెళ్లి పీటలు వేస్తానని మీకు కోపం కదా. ఇవాళ కారణం చెప్పేస్తాను. ముందుగదిలో మా మామ కూర్చుని ఉన్నాడు. ఆయన పోయి ఏడాది దాటింది.

నవ్వకండి. మొదట్లో నేనూ నవ్వినవాణ్ణే.

మాది ఎమ్మిగనూరు. మాది అంటే నా భార్య శివలీలది. నేను ఇల్లరికపు అల్లుణ్ణి. పేరు ఉమామహేశ్వర, ఒక ప్రైవేటు జూనియర్ కాలేజీలో వృక్షశాస్త్రం చెబుతాను. పిల్లలు మాత్రం వెనకాల హైగ్రో సార్ అంటారు. తప్పు వాళ్లది కాదు. హైగ్రోకేసీ అనే మాటంటే నాకు కొంచెం మోజు ఎక్కువ.

అదేమిటని అడగండి. అడగకపోయినా చెబుతాను. ఎండిపోయిన కాయ, తడి తగలగానే నోరు తెరవడాన్ని హైగ్రోకేసీ అంటారు. కాలవగట్ల మీద చిటపటకాయల మొక్కలుంటాయి చూశారా, చిన్నప్పుడు ఆ ఎండుకాయకు ఉమ్మి పూసి పక్కవాడి చొక్కాలో వేసేవాళ్లం, టప్‌మని పేలేది. అదే ఇది. విచిత్రం ఏమిటంటే, ఆ పని చేయడానికి కాయకు ప్రాణం అక్కర్లేదు. ఆ కణాలు ఎప్పుడో చచ్చి ఉంటాయి. చచ్చినదే తడి కోసం కాచుకుని కూర్చుంటుంది, తగలగానే కదులుతుంది.

పెళ్లిచూపుల్లో ఏం మాట్లాడాలో తోచక శివలీలకు ఈ మాటే వివరించాను. ఆమె కిటికీలోంచి బయటికి చూస్తూ తలూపింది. వినలేదనుకున్నాను. ఈ ముక్క మీరు గుర్తుపెట్టుకోండి, నేను మరిచిపోయాను.

మా మామ బసవన్న ఊహ తెలిసినప్పటి నుంచి గుంతమగ్గం మీదే బతికాడు. ముందుగదిలో నేల తవ్విన గుంత, అందులోకి కాళ్లు వేలాడేసి గట్టు మీద కూర్చుని, కింద పలకలు తొక్కుతూ నేసేవాడు. గదిలోకి వచ్చినవాళ్లకు నడుము పైభాగమే కనిపించేది. మా కులంలో పోయినవాళ్లను కూర్చోబెట్టే సమాధి చేస్తాం. ఆయన్ను అలా గుంతలో కూర్చోబెట్టినప్పుడు, ఈ మనిషికి పెద్దగా మారిందేమీ లేదే అనిపించింది నాకు. శివలీల పక్కనే ఉంది కాబట్టి పైకి అనలేదు.

ఆయన నాతో మాట్లాడింది తక్కువ. నేసేటప్పుడు నూలు చుట్టిన కండె అయిపోతే ఇంకోటి ఇవ్వమని అడగాలి కదా, అడగడు. దగ్గుతాడు. పొడిగా ఒక్కటే దగ్గు, గొంతులో నూలుపోగు అడ్డం పడ్డట్టు. నేను వినపడనట్టు పేపరు తిప్పేవాణ్ణి. శివలీలే వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చి కండె అందించేది.

పోతూ పోతూ ఆయన మగ్గం మీద సగం చీర వదిలి వెళ్లాడు. నేను ఆ గది మీద కన్ను వేశాను. గుంత పూడ్చి, బల్లలు వేసి నీట్ కోచింగ్ పెట్టాలని నా ఆశ. 'ఉమామహేశ్వర బోటనీ పాయింట్' అని బోర్డు కూడా రాయించి మంచం కింద దాచాను. మంచం కింద ఊడ్చేది శివలీల అన్న సంగతి తట్టలేదు.

"లీలా, ఆ గుంత పూడిపిస్తే ఎట్లుంటాది?"

"అందులో నిన్ను పెట్టి పూడిపిస్తే ఎట్లుంటాది?"

"మాటవరసకు అంటి."

"నేనూ మాటవరసకే అంటి."

"సగం చీర దేనికి చెప్పు? కోసి తీసేస్తే సరిపోతాది కదా."

"కోస్తే మళ్లీ అతకదు. నాయన పోసిన పడుగు అది. మగ్గం మీదనే ఉంటాది."

"నేసేవాడు లేడు కదే!"

"నేసేవాడు లేడు," అంది, తన చేతులకేసి చూసుకుంటూ. "నిజమే."

ఆ చేతులకేసి నేను కూడా ఒకసారి చూసి ఉంటే ఈ కథ లేదు.

మా ఇంట్లో ఇంకో ఆచారం ఉంది. మన ఎండలకు, ఈ పొడిగాలికి నూలు పటపటా తెగుతుంది. అందుకని నేతగాళ్లు గుంతలో నీళ్లు చల్లి తేమ నిలుపుతారు. మామ పోయాక కూడా శివలీల ప్రతి సోమవారం సందెవేళ గుంతలో నీళ్లు చల్లి, గట్టు మీద దీపం పెట్టేది. నేత లేకపోయినా నీళ్లెందుకంటే, గుంత ఎండకూడదంటుంది. ఆ చెంబుడు నీళ్లు చూస్తుండగానే నా బుర్రలో హైగ్రోకేసీ నోరు తెరిచింది.

కాలవగట్టు తిరిగి ఎండు చిటపటకాయలు జేబునిండా ఏరుకొచ్చాను. పంచెలకు గుచ్చుకునే ముళ్లగడ్డి కూడా తెచ్చాను, దాని తోక తడిస్తే మెలితిరుగుతూ పురుగులా పాకుతుంది. రెండింటినీ గుంతలో దుమ్ము కింద పరిచాను. నాన్న ఆత్మ అల్లాడుతోందని శివలీల హడలిపోవాలి, మగ్గం తీసేయమని తనే నన్ను బతిమాలాలి. ఇదీ పథకం.

సోమవారం వచ్చింది. సందెవేళ, ఎప్పటిలాగే కరెంటు పోయింది. బయట గాలి కూడా ఆగిపోయింది. శివలీల నీళ్లు చల్లి, దీపం వెలిగించి, చెంబు కింద పెట్టింది.

గుంతలోంచి, టప్.

ఆమె చెయ్యి ఆగింది. టప్, టప్. దీపం వెలుగు అందేచోట దుమ్ములో గడ్డితోక ఒకటి మెల్లగా ఒళ్లు విరుచుకుని, పక్కకు దొర్లి, గట్టువైపు పాకింది. పెట్టినవాణ్ణి నేనే అయినా నా వెన్ను జలదరించింది. ఇక కేక పెడుతుంది, ఇక నన్ను పట్టుకుంటుందని చేతులు చాపి సిద్ధంగా ఉన్నాను.

శివలీల కేక పెట్టలేదు. గట్టు మీద మోకాళ్లు మడిచి కూర్చుని, గుంతలోకి వంగి, "నాయనా," అంది.

అంత మెల్లగా ఆమె మాట్లాడటం నేనెప్పుడూ వినలేదు. బుగ్గల మీద నీళ్లు కారుతున్నాయి. నాకు లోపల ముల్లు గుచ్చుకున్నట్టయింది, అది గడ్డిది కాదు. మంచం కింద బోర్డు గుర్తు చేసుకుని ఓర్చుకున్నాను.

"నాయన పలికినాడయ్యా," అంది రాత్రి అన్నం పెడుతూ.

"ఏమంటాండాడు?"

"అదే తెలీలేదు."

"ఆత్మ శాంతించలేదే లీలా. నిమ్మకాయల నాగన్నను పిలుస్తాం. ఆయనైతే అడిగి చెప్తాడు."

"పిలువు," అంది వెంటనే. అంత వెంటనే ఒప్పుకోవడం మా కాపురంలో అదే మొదలు. నా పథకం పండిందనుకున్నాను.

నిమ్మకాయల నాగన్నకు దయ్యాలతో మాట్లాడే విద్య ఉందని ఊళ్లో పేరు. దయ్యం వదిలినా వదలకపోయినా నిమ్మకాయలు తన వెంట తీసుకుపోతాడు, అందుకే వాళ్లింట్లో ఊరగాయకు కరువు లేదు. ముందే కలిసి అన్నీ నేర్పించాను. కాయలు పేలగానే, మగ్గం తీసేయమంటాండాడు, చీర కోసేయమంటాండాడు అని చెప్పాలి.

"అంతేనా సారూ? ఇంతకంటే కష్టమైనవి శానా చెప్పినా," అన్నాడు.

మరుసటి సోమవారం మధ్యాహ్నం గుంతలో కొత్త కాయలు పరిచి, మిగిలినవి చొక్కా జేబులో వేసుకున్నాను. సందెవేళకు నాగన్న వచ్చి గట్టు మీద పసుపు, నిమ్మకాయలు పేర్చి కళ్లు మూసుకున్నాడు. కరెంటు పోయింది. శివలీల ఈసారి చెంబు కాదు, బిందె తెచ్చింది. గుంతలో సగం పోసి, మిగతా సగం మగ్గం కింది తాళ్ల మీద చల్లింది.

పేలాలి. పేలలేదు.

నాగన్న ఒక కన్ను తెరిచి నాకేసి చూశాడు. నేను గుంతకేసి చూశాను. అందులో నల్లటి తడి తప్ప ఏమీ లేదు, తడిమట్టి వాసన లేస్తోంది. గది ఎంత నిశ్శబ్దంగా ఉందంటే దీపం వత్తి చిటచిటలాడటం వినబడుతోంది. ఉక్కకు నా చొక్కా వీపుకు అతుక్కుపోయింది.

అప్పుడు కిర్రుమంది.

గుంతలో పలక ఒకటి పైకి లేస్తోంది. ఎవరూ ముట్టుకోలేదు. మెల్లగా, చాలా మెల్లగా, తొక్కుతున్నవాడు దాని మీంచి కాలు తీస్తే ఎలా లేస్తుందో అలా లేచింది. కాలు తీసినవాడు తర్వాత ఏం చేస్తాడు? లేచి నిలబడతాడు కదా!

నాగన్న రెండో కన్ను కూడా తెరిచాడు. మగ్గం అవతల చీకట్లోంచి ఒక దగ్గు వినిపించింది. పొడిగా, ఒక్కటే.

"సారూ," అన్నాడు నాగన్న గొంతు తగ్గించి, "దగ్గింది నువ్వేనా?"

"కాదు. నువ్వు కాదా?"

"నేను కాదప్పా."

నాకు ఒళ్లంతా చెమట ధారగా కారింది. మెడ మీంచి, ఛాతీ మీంచి, చొక్కా జేబులోకి.

టప్!

నా గుండె పేలిందనుకుని కేక పెట్టాను. నాగన్న ఎగిరి రెండు బారలు వెనక్కి పడ్డాడు. "సార్ మీదికొచ్చినాడు! బసవన్న సార్ మీదికొచ్చినాడు తల్లీ!"

శివలీల మాత్రం దీపం చేతిలోకి తీసుకుని నా ముందుకొచ్చి, నా ఛాతీకేసి చూస్తూ నెమ్మదిగా అడిగింది.

"నాయనా, ఏం కావాల నీకు? మగ్గం తీసేయమంటావా?"

ఏ చప్పుడూ లేదు.

"చీర కోసేయమంటావా?"

ఏ చప్పుడూ లేదు. పేలవే, ఒక్కటి పేలవే అని లోపల్లోపల జేబును బతిమాలుకున్నాను.

"నన్ను నేయమంటావా?"

టప్. టప్. టపటపటప్.

"నేయమంటాండాడు! తల్లీ, నువ్వు నేయి, ఆయన మాట కాదనద్దు!" నాగన్న అరుస్తూ వీధిలో పడ్డాడు. నిమ్మకాయలు వదిలి వెళ్లడం ఆయన జీవితంలో ఇదే మొదటిసారి అంటారు.

శివలీల దీపం గట్టు మీద పెట్టి, నా జేబులో చెయ్యి పెట్టి, రెండుగా చీలిన కాయలు తీసి నా అరచేతిలో పోసింది.

"దీన్నేమంటారు సారూ?"

"హైగ్రోకేసీ," అన్నాను. క్లాసులో పాఠం రాని పిల్లాడి గొంతు వచ్చింది నాకు.

"పెళ్లిచూపుల్లో చెప్తివి. చచ్చింది కూడా తడి తగిల్తే కదుల్తాదంటివి. ఇదేం మనిషిరా దేవుడా అనుకుంటి, అయినా మర్చిపోలేదు. మరి మా పత్తికాయ తడిస్తే పగలదు, ఎండితే పగుల్తాది. దాన్నేమంటారు?"

"జీరోకేసీ."

"పత్తి ఎండితే నోరు తెరుస్తాది, నూలు తడిస్తే బిగుస్తాది. పలకకు కట్టింది నూలుతాడే కదా. తడిసి కురచైంది, పలకను పైకి లాగింది. నీకు తెలీకపోతే నాదా తప్పు?"

గుంతలో కాయలు ఏమయ్యాయని అడగలేదు. వాకిట్లో చెత్తబుట్టలో కనిపిస్తూనే ఉన్నాయి.

"మొదటి సోమవారమే తెలిసిందా?" అన్నాను.

"మరుసటి పొద్దున ఊడిస్తే తెలిసింది." గట్టు మీద కూర్చుంది. "ఆ సాయంత్రం మాత్రం నిజంగా నాయనే అనుకుంటి. నాయన పోయిన్నాటి నుంచి నాకు ఏడుపే రాలేదయ్యా, లోపల ఎండిపోయినట్టుండె. నీ కాయలు పేలినప్పుడు వచ్చింది. అందుకే నిన్ను ఏమీ అనలేదు. లేకుంటే ఆ బోర్డు నీ నెత్తిన పగిలుండు."

నాకు సిగ్గేసింది. ఆమె పక్కన కూర్చున్నాను. ఆమె గుంతలోకి కాళ్లు దించి పలక మీద పెట్టింది. మామ కూర్చున్నట్టే కూర్చుంది. కండె పెట్టి పడుగులో అటూ ఇటూ తోసే నాడెను ఆ చేతులు పట్టిన తీరు చూస్తే, ఆమెకు నేత కొత్త కాదని తెలిసింది.

"నేనే నేస్తా. నువ్వు కండెలు చుట్టు," అంది.

"నేనా?"

"నాయన నీ మీదికే కదా వచ్చినాడు. ఊరంతా తెలిసిపాయె."

నిజమే. తెల్లారేసరికి నాగన్న ఊరంతా చాటేశాడు. కాదని చెప్పాలంటే జేబులో కాయల సంగతి చెప్పాలి. అందుకని బోర్డును తిరగేసి రాట్నం కింద వేసుకుని కండెలు చుడుతున్నాను. బోటనీ పాయింట్ మీద నూలు పేరుకుంటోంది.

ఒకటి మాత్రం ఆరోజే అడిగాను. "అంతా సరే లీలా. ఆ దగ్గు ఎట్ల చేసినావు?"

"ఏ దగ్గు?"

"మగ్గం అవతల్నుంచి వచ్చింది కదా."

"నేను నీ ఎదురుగానే ఉంటి కదయ్యా. ఏ దగ్గూ వినలేదే," అంది. అబద్ధమాడితే ఆమె పెదవి చివర వణుకుతుంది. ఆరోజు వణకలేదు.

ఇందాక మీరొచ్చినప్పుడు నేను ఉన్నట్టుండి లేచి వెళ్లాను, గమనించారా? ముందుగదిలో శివలీల నేస్తోంది. ఆమె చేతిలో కండె అయిపోవచ్చింది. ఆమెకు జలుబు లేదు, ఇంట్లో ఇంకెవరూ లేరు. అయినా వినిపించింది, పొడిగా, ఒక్కటే.

ఆయన బతికున్నన్నాళ్లూ పేపరు తిప్పినవాణ్ణి. ఇప్పుడు మాత్రం చేతిలో పని వదిలేసి, "తెస్తాండా మామా," అంటూ పరుగెడతాను.

"ఎవరితో మాట్లాడ్తాండావు?" అంటుంది శివలీల.

కండె ఆమె చేతిలో పెట్టి, గట్టుకు అటువైపు ఖాళీ వదిలి, ఇటువైపే కూర్చుంటాను.