మర్చిపోయిన కళ్ళద్దాలు తిప్పి పంపకండి

మతిమరుపు రోగం కాదు. కష్టపడి సాధించవలసిన విద్య! ఈ సంగతి తెలుసుకోవడానికి నాకు డెబ్బై ఏళ్ళు దాటవలసి వచ్చింది. మీకింకా ఆ వయసు రాలేదా? తొందరపడకండి, వస్తుంది.

వయసు మీద పడటం ఎంత గొప్ప అదృష్టమో చెప్పడానికి ఈ మధ్య మా సీనియర్ల క్లబ్బుకు ఒక ట్రైనర్ వచ్చాడు. నిండా ముప్ఫై ఉండవు. వయసు ఒక అంకె మాత్రమేననీ, మనసుకు ముడతలు పడవనీ, రోజూ అద్దం ముందు నిలబడి నవ్వుకోవాలనీ గంటసేపు బోధించాడు. మేమంతా బుద్ధిగా చప్పట్లు కొట్టాం. వినబడనివాళ్ళు ఇంకాస్త గట్టిగా కొట్టారు.

వెళ్ళిన మనిషి కాసేపటికి లాప్‌టాప్ చార్జర్ మర్చిపోయానంటూ తిరిగొచ్చాడు. ఈసారి కూర్చున్నాడు. టీ తాగాడు. వాళ్ళమ్మ మోకాళ్ళ నొప్పులతో మంచం దిగడం లేదనీ, ఏమడిగినా బాగానే ఉన్నానంటోందనీ, ఏం చెయ్యాలో తోచడం లేదనీ చెప్పుకొచ్చాడు. మాకు తెలిసింది మేం చెప్పాం. ఆ చార్జర్ గుర్తుండి ఉంటే మాకు మిగిలేది అద్దం ఒక్కటే కదా?

అందుకే అంటున్నాను, మతిమరుపును నెత్తిన పెట్టుకోవాలి. మా కోడలికి ఇది అర్థం కాదు. నా జ్ఞాపకశక్తి పెరగాలని ఫోన్‌లో ఏదో గేమ్ పెట్టించింది. ఫోన్ ఎక్కడ పెట్టానో మర్చిపోవడం వల్ల ఆ గండం గడిచింది.

లాభాలు చెప్పమంటారా? నా దగ్గరున్న డిటెక్టివ్ నవల ఒక్కటే. ఎన్నిసార్లు చదివినా హంతకుడు దొరికినప్పుడు ఉలిక్కిపడతాను. వయసులో ఉన్నవాళ్ళు పాపం ప్రతిసారీ కొత్త పుస్తకం కొనుక్కోవాలి! పక్కింటావిడతో నాకు ఏళ్ళ తరబడి మాటల్లేవు. మొన్న శీతాకాలంలో మెట్ల మీద ఎదురుపడ్డాం. ఎందుకు మానేశామో ఇద్దరికీ గుర్తు రాక మాట్లాడేసుకున్నాం. యుద్ధాలు ఆపలేక తల పట్టుకునే దేశాలు మా ఇద్దరినీ ఎందుకు పిలిపించుకోవు?

ఈ విద్యలో నాకు గురువు మా అక్క. ఊరికి ఆ చివర, కూతురి దగ్గర ఉంటుంది. మా ఇంటికి వచ్చిందంటే ఏదో ఒకటి మర్చిపోకుండా వెళ్ళదు. స్వెటర్, మందుల డబ్బా, సగం అల్లిన మఫ్లర్. అది ఇచ్చి రావడానికి నేను వెళ్తాను. వెళ్ళి, నా గొడుగు అక్కడ మర్చిపోతాను. గొడుగు పట్టుకుని ఆవిడ వస్తుంది. దీని గురించి మేమిద్దరం ఏనాడూ ఒక్క మాట అనుకోలేదు. అనుకుని మర్చిపోతే అది మతిమరుపు ఎలా అవుతుంది?

ఒకరి దగ్గర ఒకరం పూర్తిగా సెలవు తీసుకున్నది మాత్రం లేదు.

నాకు సెలవు తీసుకోవడం చేతకాదు. నేను బడికి వెళ్ళలేదు. కిరాణా పొట్లాలు విప్పి, ఆ కాగితాల మీద చదవడం నేర్చుకున్నదాన్ని. వాటిలో ప్రతి కథా ఎక్కడో చిరిగి ఆగిపోయేది. కథలకు ముగింపు ఉండదనే చాలాకాలం అనుకున్నాను, హాయిగా ఉండేది. మా ఆయన ఫ్యాక్టరీకి బయల్దేరి, గేటు దాకా వెళ్ళి, రోజూ దేనికో ఒకదానికి వెనక్కి వచ్చేవారు. కళ్ళద్దాలు, తాళాలు, టిఫిన్ డబ్బా. నేను విసుక్కునేదాన్ని. ఒకరోజు అన్నీ సరిచూసుకుని, ఏదీ మర్చిపోకుండా వెళ్ళారు. ఆ రోజు వెనక్కి రాలేదు.

అప్పటి నుంచీ అన్నీ గుర్తు పెట్టుకుని గడప దాటేవాళ్ళను చూస్తే నాకు గుండె దడ.

నవ్వుకోవడానికి పేపరు తెరిస్తే ఇదేం గోల అంటారా? మర్చిపోండి. మీకూ అలవాటవుతుంది.

ఇలా సాఫీగా సాగిపోతున్న మా ఏర్పాటులోకి పార్సిల్ యాప్ అడుగుపెట్టింది. అక్క కూతురు బంగారం లాంటి పిల్ల. నేను వాళ్ళింట్లో కళ్ళద్దాలు మర్చిపోయి వచ్చాను. ఇంటికి చేరి కలుపుకున్న టీ ఇంకా చల్లారలేదు, కాలింగ్ బెల్ మోగింది. తలుపు తీస్తే హెల్మెట్ తియ్యకుండా ఒక మనిషి నా కళ్ళద్దాలు చేతిలో పెట్టి వెళ్ళిపోయాడు. వెనకాలే ఫోన్.

"అవి లేకపోతే నీకు ఇబ్బంది కదా పిన్నీ. ఇంక నువ్వు ఇంత దూరం రానక్కర్లేదు."

రానక్కర్లేదు! ఇంతకంటే తియ్యటి మాట ఉంటుందా?

మా ఇంట్లో వాళ్ళు తక్కువ తిన్నారా? అక్క మర్చిపోయిన స్వెటర్‌ను కోడలు ఉతికి, మడత పెట్టి, అదే యాప్‌లో పంపించేసింది. అక్క పట్టు వదల్లేదు. తర్వాత వచ్చినప్పుడు ఏకంగా చేతికర్రే మర్చిపోయి వెళ్ళింది. కర్ర లేకుండా టాక్సీ దాకా ఎలా నడిచిందని ఇంట్లో ఒక్కరూ అడగలేదు. మా అబ్బాయి దానికి తగ్గ పొడుగాటి అట్టపెట్టె వెతికి పంపాడు. నేను మాత్రం ఊరుకుంటానా? వాళ్ళింట్లో గ్లాసులో నా కట్టుడు పళ్ళు వదిలేసి వచ్చాను. బుడగల కాగితంలో చుట్టి, పైన 'జాగ్రత్త, పగిలే వస్తువు' అని స్టిక్కర్ అంటించి, నాకంటే భద్రంగా ఇంటికి చేర్చారు. ఎంత చక్కటి సేవ! తిట్టాలన్నా నోట్లో పళ్ళు ఉండాలిగా, అవీ వచ్చేశాయి.

ఆ తర్వాత ఏమయిందంటే, ఏమీ అవలేదు. అక్క మోకాళ్ళు చూసి డాక్టరు మెట్లు దిగవద్దన్నాడు. నేను బయల్దేరబోతే మా అబ్బాయి, పెద్దమ్మ దగ్గర ఏమైనా పనుందా అని అడుగుతాడు. ఏం చెప్పను? ఇదివరకు గొడుగు ఉండేది. ఊరికే చూసొస్తాననడం ఈ రోజుల్లో కారణం కిందికి రాదు. చూడాలంటే వీడియో ఉంది. ఇక మేం ఒకరినొకరం చూసుకోవడం పూర్తయిపోయినట్టే లెక్క.

ఒకరోజు అక్క ఫోన్ చేసింది. "ఏమే, మర్చిపోవడానికి నీ దగ్గర ఇంకా ఏమైనా మిగిలిందా?" అని అడిగింది.

ఆ సంగతి మా మధ్య పైకి రావడం అదే మొదలు. నేను ఇల్లంతా ఒకసారి కలియజూశాను.

"నేనున్నాను కదక్కా," అన్నాను.

మర్నాడు టాక్సీ చేసుకుని వెళ్ళాను. కబుర్లు చెప్పుకున్నాం. సాయంత్రం అయింది. ఇంటికి వెళ్ళడం మర్చిపోయాను. అక్క కూతురు కంగారుపడి మా అబ్బాయికి ఫోన్ చేసింది. వాడు అలవాటు కొద్దీ, అమ్మ ఏం మర్చిపోయిందో పార్సిల్ పెట్టెయ్యమన్నాడట. పిల్ల యాప్ తీసి చూసింది కూడా! ఇరవై కిలోలు దాటినవీ, ప్రాణం ఉన్నవీ తీసుకోరట. నాలో రెండు లోపాలూ ఉన్నాయి.

కనక వాడే వచ్చాడు. పెద్దమ్మ ఇంటి మెట్లు వాడు ఎక్కి ఎంతకాలమైందో లెక్క చెప్పను, మతిమరుపు. కూర్చున్నాడు. టీ తాగాడు. అక్క వాడి తల నిమిరి, వెనకవైపు బాగా నెరిసిందని తేల్చింది. మందు అట్ట మీద ఏముందో చదివి పెట్టమంది. వాడు అటు తిరిగి, జేబులోంచి కళ్ళద్దాలు తీసి పెట్టుకున్నాడు. ఒకే ఇంట్లో ఉంటున్న నాకు తెలియదు!

"ఎప్పటి నుంచిరా?" అంది అక్క.

"ఈ మధ్యనే పెద్దమ్మా. ఆఫీసులో ఎవరికీ తెలియదు. జేబులోనే దాచుకుంటాను."

"దాచకురా. దాచిన చోటు గుర్తుండదు."

వాడు నవ్వాడు. ఆ నవ్వు విని చాలా రోజులైంది. ట్రైనర్ చెప్పిన అద్దం అవసరం పడలేదు.

అయ్యలారా, అమ్మలారా! మీ ఇళ్ళలో పెద్దవాళ్ళు ఏదైనా మర్చిపోతే వాళ్ళను డాక్టరుకు చూపించండి, తప్పు లేదు. వస్తువును మాత్రం పంపకండి. పట్టుకెళ్ళండి.

రెండ్రోజులు ఇక్కడే ఉంటానన్నాను. మా అబ్బాయి సరేనని లేచాడు. ఈ మాటలు ఇప్పుడు నేను రాస్తున్న బల్ల మీదే వాడి కళ్ళద్దాలు ఉండిపోయాయి. వాడు తలుపు దగ్గర వెనక్కి తిరిగాడు. బల్ల వైపు చూశాడు. నా వైపు చూశాడు. చూసి, వెళ్ళొస్తానని చెప్పి మెట్లు దిగాడు.

అక్క కూతురు గబగబా వచ్చి, "అయ్యో, అన్నయ్య కళ్ళద్దాలు," అంటూ ఫోన్ తెచ్చుకోవడానికి లోపలికి వెళ్ళింది. ఆ పిల్ల తిరిగొచ్చేలోపు అక్క వాటిని తీసి తన స్వెటర్ జేబులో పెట్టుకుని, మర్చిపోయింది.