పచ్చ డబ్బా పరీక్ష

ఆ ఉదయం మెకానిక్ పథకం చిన్నదే. ట్రాన్స్‌పోర్టు యజమాని వచ్చేలోగా ఆయన లారీలో వెలుగుతున్న ఎర్ర లైటు ఆర్పాలి. ఆర్పితే ఆయన బండ్లన్నీ ఈ షెడ్డుకే వస్తాయి. లేదంటే ఎదురు షెడ్డుకు పోతాయి.

లారీ లోపలి కంప్యూటర్‌కు తగిలించే అసలు అడాప్టరు బీరువాలో ఉంది. తాళంచెవి బ్యాంకుకెళ్లిన భార్య సంచిలో ఉంది. "నేనొచ్చేదాకా ఏ బండీ ముట్టుకోకండి" అని ఆమె మరీ మరీ చెప్పి వెళ్లింది.

"అక్కనేం బతిమాలతావు బావా! అచ్చం అలాంటిదే, ఆన్‌లైన్లో కారుచౌకగా కొట్టేశా," అంటూ బావమరిది ఓ పచ్చ డబ్బా తీశాడు.

తగిలించగానే, లారీకి ఇంజనే లేదని తెర మీద పడింది. ఎదురుగా ఇంజను గుర్రుమంటూనే ఉంది.

"అప్‌డేట్ అడుగుతోంది. నొక్కెయ్ బావా!"

నొక్కాడు. ఎర్ర లైటు ఆరింది. వెంటనే ఇంజనూ ఆగిపోయింది. వైపర్లు మాత్రం మండుటెండలో ఊగడం మొదలుపెట్టాయి.

"తప్పు డబ్బాదా, బండిదా?" అన్నాడు మెకానిక్.

"ఇంకో బండికి పెడితే తేలిపోదూ?"

కంగారులో అది గొప్ప తెలివిలా తోచింది. పక్కనున్న పాల ట్యాంకరుకు పెట్టారు. అదీ గుడ్లు తేలేసింది. యజమాని కంట పడకుండా లారీని వెనక్కి లాగేద్దామని షెడ్డు క్రేనును గేటు దాకా తెచ్చారు. అక్కడ బావమరిదికి మళ్లీ అనుమానం పుట్టి, క్రేనుకూ డబ్బా తగిలించాడు. క్రేను గేటుకడ్డంగా చచ్చింది. పైగా హారను పట్టేసింది.

ఆ మోతలోనే యజమానీ, భార్యా ఒకేసారి దిగారు.

"ముట్టుకోవద్దన్నానా?"

"నేను ముట్టుకోలేదే! డబ్బానే ముట్టుకుంది," అన్నాడు మెకానిక్.

ఆమె బీరువా తెరిచింది. షెడ్డుకు వచ్చిన ప్రతి బండి సెట్టింగులకూ ముందే నకలు తీసి దాచడం ఆమె అలవాటు. మెకానిక్ దాన్ని చాదస్తం అనేవాడు. ఇప్పుడు ఆ నకళ్లే ఎక్కించింది. హారను నోరు మూసుకుంది. క్రేను, ట్యాంకరు, లారీ వరసగా గర్జించాయి. ఎర్ర లైటుకు అసలు కారణమైన ఊడిన వైరునూ బిగించేసింది. మెకానిక్‌కు కళ్లు చెమర్చాయి. ఇలాంటి మనిషినా ఇన్నాళ్లూ వెక్కిరించానని సిగ్గు కూడా పడ్డాడు.

యజమాని మాత్రం బిగుసుకుపోయి చూస్తున్నాడు. "ఆ పచ్చ డబ్బా ఎవరిది?"

"మాదేనండీ," అన్నాడు మెకానిక్.

యజమాని అటూ ఇటూ చూసి, జేబులోంచి అలాంటిదే ఇంకోటి తీశాడు.

"అమ్మా, నా బండ్లన్నీ ఇక మీ షెడ్డువే. కానీ అవి రాలేవు, మీరే రావాలి. ఈ లారీ తప్ప ఒక్కటీ కదలడం లేదు."

"అన్నిటికీ పెట్టారా?"

"తప్పు డబ్బాదో బండిదో తేల్చుకుందామని..."

"టైం పడుతుంది, కానీ అన్నిటినీ నడిపిస్తాను. పదండి," అందామె. మెకానిక్ పెళ్లికొడుకులా క్రేనెక్కాడు.

గాలికి కొట్టుకోకుండా షెడ్డు గేటు కింద ఇప్పుడు అటొకటి, ఇటొకటి పచ్చ డబ్బాలున్నాయి. ఆ పనిలో వాటికి ఇంతవరకూ వంక పెట్టినవాళ్లు లేరు.