ఒక లోడు తోతాపురి, రెండు ఛానళ్లు

పార్టీకొక న్యూస్ ఛానల్ ఉండటం వల్ల ప్రజాస్వామ్యం పాడైపోతోందని ఏడ్చేవాళ్లను చూస్తే నాకు జాలేస్తుంది. పాడవడమేమిటండీ, బలుస్తుంటేనూ! ఒకప్పుడు రైతుకు ఉన్నది ఒక్క బతుకు. ఇప్పుడు ఛానల్‌కొకటి!

నమ్మకపోతే ఐరాల యోగానంద సంగతి వినండి. ట్రాక్టరు నిండా తోతాపురి మామిడికాయలతో గుజ్జు ఫ్యాక్టరీ గేటు ముందు నాలుగు రోజులుగా వరసలో ఉన్నాడు. అడుగు కాయలు మెత్తబడి రసం కారుతోంది. ఏడాదికి ఒక్క పంట! మర్నాడు పొద్దున అందరూ కలిసి గేటుకు అడ్డంగా కూర్చోవాలని, తీసేదాకా లేవకూడదని వరసలోని రైతులు మాట అనుకున్నారు.

అంతలో రెండు ఛానళ్లు దిగాయి. ఒకటి సర్కారు వైపుది, ఒకటి ప్రతిపక్షం వైపుది. రెండు మైకుల్లోనూ యోగానంద ఒక్క మాటే చెప్పాడు.

"రేటేమో బాగానే చెప్పినారప్పా, కొనేవాడే లేడు."

సామాన్యుడి మాట ఎంత సమంగా తెగిందో చూడండి! ముందు సగం ఒకరికి, వెనక సగం ఇంకొకరికి. సాయంత్రానికి ఒకదానిలో ఆయన 'ఆనందంలో మామిడి రైతు'. రెండోదానిలో, వయొలిన్ వెక్కుతుండగా, 'కన్నీటి రైతు'.

ముందు భార్య పంకజాక్షి ఫోన్ చేసింది. "రేటు బాగుండాదని టీవీలో చెప్తివే! అమ్మేసినట్టేనా?"

తర్వాత బావమరిది మునిశేఖర్. "నువ్వట్ల ఏడస్తా ఉంటే సూసి మాకు ముద్ద దిగలేదు బావా!"

"నేనెప్పుడు ఏడ్సినాన్రా? చెమట తుడుసుకున్నా!"

"నీకు తెల్దులే బావా, టీవీలో సూపించినారు."

ఇక చర్చలు! నలుగురు మేధావులు గంటసేపు కూర్చుని ఆయన చొక్కా ఏ పార్టీ రంగో తేల్చారు. కాయల సంగతి బ్రేక్ తర్వాత అన్నారు. ఆ బ్రేక్ ఇంకా అవ్వలేదు.

మర్నాటికి వరసలో చైతన్యం పొంగింది. వెనక ట్రాక్టరు దొరస్వామి, "నువ్వు ఆనందంగా ఉండావు గదప్పా, పక్కకి తీసి మాకు దోవియ్యి" అన్నాడు. ముందు ట్రాక్టరు బాలచంద్ర, "పార్టీ కోసం ఏడ్సినోడి పక్కన నేను కూసోను పో" అన్నాడు. ఫోన్లు తీసి ఒకరికొకరు సాక్ష్యాలు చూపించుకున్నారు. గేటు ముందు ఎవరూ కూర్చోలేదు. గేటు కూడా ఎవరి పక్షమూ వహించకుండా మూసుకునే ఉంది. ఆ చుట్టుపక్కల నిష్పాక్షికంగా ఉన్నది అదొక్కటే!

ఆరో రోజుకు ఈగలు ముసిరాయి. యోగానంద పార తీసుకుని ట్రాలీ ఎక్కాడు. రోడ్డు పక్క గుంతలోకి కాయలు తోస్తుంటే దొరస్వామి ట్రాక్టరు వచ్చి పక్కనే ఆగింది. దాని వెనకే బాలచంద్రది. ఎవరూ ఏ పార్టీ అని అడగలేదు. కుళ్లిన కాయల లోడు ఒకరిది ఒకరు దించుకున్నారు.

చూశారా ఐకమత్యం! ఆ పూట కెమెరాలు రాలేదు లెండి.